ఐదో నంబరు కుడి మోకాలు

మొన్న మా న్యూకాసిల్ తెలుగువాళ్ళ వనభోజనాలు జరిగాయి. వనమంటే కౌన్సిల్ వారి పార్కు, భోజనమంటే గొడుగు కింద పులిహోర. పులిహోర గిన్నె దగ్గర మాత్రం గొడుగు అవసరం లేకపోయింది. ఒక పొడుగాటి మనిషి అడ్డంగా నిలబడి, వానని తన వీపుతోనే ఆపుతూ రెండోసారి వడ్డించుకుంటున్నాడు. నేను కుర్చీలో కూలబడి ఉండగా, ఫిజియోథెరపీలో మాస్టర్స్ చదవడానికి కొత్తగా వచ్చిన పిల్లలు నలుగురు నా చుట్టూ చేరారు.

"అంకుల్, మీరు ఫుట్‌బాల్ క్లబ్బులో చేసేవారంట కదా. అక్కడ ఏం పని అంకుల్?"

"ఒక మనిషికి మోకాలి మీద కూర్చోవడం నేర్పాను," అన్నాను.

పిల్లలు మర్యాదస్తులు, నవ్వలేదు. ఒకమ్మాయి మాత్రం, ఏలూరు అట, కళ్ళు చిట్లించి, "అంతేనా?" అంది.

"అంతేనా ఏంటమ్మా! దానికే దాదాపు ఏడాది పట్టింది. చివరికి వేలమంది ముందు మైదానం నడిబొడ్డున నేనే కూలబడ్డాను."

వాన ఎక్కువై ఆ కథ అక్కడ సగంలో ఆగింది. అందుకే ఇప్పుడు తీరిగ్గా రాస్తున్నాను. నేను కొంచెం పెంచి చెబుతానని మా ఆవిడ ఊరంతా చాటింది. నమ్మకండి. నేను చాలా పెంచి చెబుతాను. కానీ ఈ కథలో పెంచడానికి నాకు చేతులు రాని చోట్లు కొన్ని ఉన్నాయి. అవి ఎక్కడో మీకే తెలుస్తుంది.

మాది సముద్రం ఒడ్డున ఉన్న ఒక చిన్న ఊరి క్లబ్బు. పేరు చెబితే పక్క ఊరివాళ్ళే "ఎక్కడా?" అంటారు. లీగుల మెట్లలో మేం ఎంత కిందుండేవాళ్ళమంటే, మా కింద ఇక పార్కులో కుక్కలకి బంతి విసిరేవాళ్ళే. హాస్పిటల్లో ఎముకల వార్డులో ఏళ్ళ తరబడి ముసలమ్మల తుంటి ఎముకలతో కాపరం చేసి, ఆ రాత్రీపగలూ డ్యూటీల రోటా భరించలేక నేను ఈ క్లబ్బులో ఫిజియోగా చేరాను. ఎవరైనా ఆటగాడు పడిపోతే, రిఫరీ చెయ్యి ఊపగానే సంచీ పుచ్చుకుని పరిగెత్తడం నా పని. ఆ సంచీలో మంచు స్ప్రే, కట్లు, కత్తెరలు, తువ్వాళ్ళు, వీటన్నిటి మీదా మా ఆవిడ పెట్టిన జీడిపప్పు పకోడీల పొట్లం ఉండేవి. సంజీవని కొండ మోసినవాడు కూడా ఆ సంచీ ఎత్తితే ఒకసారి నడుం పట్టుకునేవాడు. ఇక అక్కడి సముద్రపు గాలి! నా తల మీద జుట్టంతా ఆ గాలే ఎత్తుకుపోయిందని నా వాదన. ఇంటర్వ్యూకి వచ్చిన రోజుకే లేదని మా కిట్ మ్యాన్ వాదన.

కిట్ మ్యాన్ అంటే ఆటగాళ్ళ జెర్సీలు ఉతికి, బూట్లు తుడిచి, అందరి గుట్టూ కడుపులో పెట్టుకునే పెద్దాయన. అక్కడివాడే. ప్రతి మాట చివరా 'మ్యాన్' అని తగిలిస్తాడు. భార్యతో మాట్లాడినా అంతే. ఆయన కాచే టీలో తోలు నానబెడితే చెప్పులు కుట్టుకోవచ్చు.

ఇక మా ఐదో నంబరు. ప్రత్యర్థులు గోలు దాకా రాకుండా అడ్డుపడే గోడ. బర్మింగ్‌హామ్‌లో పుట్టాడు, తాత జమైకా నుంచి బస్సు నడపడానికి వచ్చాడట. ఎంత పొడుగంటే, అతనితో రెండు నిమిషాలు మాట్లాడితే నాకు మెడ పట్టేసేది, వైద్యం నాకు నేనే చేసుకోవాల్సి వచ్చేది. నన్ను 'డాక్' అని పిలిచేవాడు. నేను డాక్టర్ని కాను బాబూ అని మొదట్లో సరిదిద్దేవాణ్ణి. ఒకసారి మా అత్తగారు వచ్చి, అతను అలా పిలవడం విని, నా వైపు కొత్తగా చూశారు. అప్పట్నుంచి సరిదిద్దడం మానేశాను.

ఆ రోజుల్లో ఆట మొదలయ్యే ముందు ఆటగాళ్ళందరూ ఒక మోకాలు నేలకి ఆనించి కొన్ని క్షణాలు అలా ఉండిపోయేవారు. నల్లవాళ్ళ మీద జరుగుతున్న అన్యాయం మాకు కనిపిస్తోంది, దాన్ని మేం ఒప్పుకోం అని మాట లేకుండా చెప్పడం అది. టీవీలో చూశాను, పేపర్లో చదివాను, తల ఊపాను. కానీ లోపల నాకు సరిగ్గా మింగుడు పడలేదు. ఎందుకంటే మనకి మోకాళ్ళ మీద కూర్చోవడం అంటే తెలిసినవి రెండే. ఒకటి తిరుమల నడకదారిలో మోకాళ్ళ పర్వతం. రెండోది మా లెక్కల మాస్టారు. ఆయన ఎండలో కంకర మీద మోకాళ్ళ మీద నిలబెడితే, గంట కొట్టేసరికి మోకాళ్ళ మీద ఎక్కాల పుస్తకం అచ్చుపడేది. ఒకటి భక్తి, ఒకటి శిక్ష. ఎదిరించేవాడు నిటారుగా రొమ్ము విరుచుకు నిలబడాలి గాని, కిందకి దిగడమేమిటి? మోకాలికీ బోడిగుండుకీ ముడిపెట్టినట్టుందే అనుకున్నాను. బోడిగుండు నా దగ్గరే ఉంది కాబట్టి ఒకరోజు చీలమండకి కట్టు కడుతూ ఐదో నంబర్నే అడిగేశాను.

అతను ఎదురు ప్రశ్న వేశాడు. "డాక్, మైదానంలో ఆటగాడు మోకాలు కింద పెట్టాడనుకో. నువ్వేమనుకుంటావు?"

"దెబ్బ తగిలిందనుకుంటాను."

"ఆట ఏమవుతుంది?"

"ఆగుతుంది."

"అంతే మరి," అన్నాడు. "దెబ్బ తగిలింది, ఒక్క నిమిషం ఆపండి అంటున్నాం. ఇందులో నీకు అర్థం కానిదేముంది?"

లెక్కల మాస్టారు ఇలా చెప్పి ఉంటే నేను ఇంజనీరునై స్విండన్‌లో స్థిరపడేవాణ్ణి.

తర్వాత ఆ ఆట వచ్చింది. పక్క జిల్లాలో వేరే వాళ్ళ మైదానం. మా వాడు బంతి కోసం గాలిలోకి లేచాడు. దిగేటప్పుడు కుడికాలు ఒక వైపు, ఒళ్ళు ఇంకో వైపు తిరిగాయి. వెలక్కాయ బండ మీద కొట్టినట్టు చప్పుడు నాకు గీత బయటే వినిపించింది. రిఫరీ చెయ్యి ఊపాడు. సంచీతో పరిగెత్తాను. ఆ మైదానంలో ఒక మూల కొంతమంది నిలబడి చూసే చోటుంది. నన్ను చూడగానే ఆ మూల నుంచి ఒక గొంతు లేచింది: "రేయ్, టేక్‌అవే వచ్చేసింది!" గోధుమరంగు మనిషి, చేతిలో సంచీ, అంటే హోటలు నుంచి కూర పొట్లాలు తెచ్చేవాడన్నమాట. పాపం వాళ్ళ తెలివి అంతవరకే. నేనూ లోపల నవ్వుకున్నాను. మనకెందుకులే అనే మందు మన సంచీలో ఎప్పుడూ ఉంటుంది కదా.

ఐదో నంబరు దగ్గర నేను వంగేసరికి ఆ మూల నుంచి వేరే చప్పుళ్ళు మొదలయ్యాయి. కోతి కూతలు. కింద పడి, కాలు తెగిపోయినట్టు నొప్పితో ఉన్న మనిషిని చూసి.

స్ట్రెచర్ మీద ఎక్కించాక అతను నన్ను ఒక్కటే అడిగాడు. "డాక్, ముఖం మీద తువ్వాలు కప్పు."

కప్పాను.

ఆ సాయంత్రం ఇంటికెళ్ళి భోజనాల దగ్గర టేక్‌అవే జోకు చెప్పి నవ్వించబోయాను. ఇక్కడే పుట్టి పెరిగిన మా అమ్మాయి చెంచా పళ్ళెంలో పెట్టేసింది. "డాడ్, దట్స్ నాట్ ఫన్నీ," అని మేడ మీదకి వెళ్ళిపోయింది. మా ఆవిడ నా వైపు చూసి, ఇంకో గరిటె పప్పు వేసింది. అడక్కుండా వేసిందంటే పరిస్థితి అర్థం చేసుకోండి.

ఆ కాలికి ఆపరేషను చేశారు. మోకాలి చిప్ప కింద ఉండే గట్టి స్నాయువులోంచి ఒక పట్టీ కోసి, లోపల తెగిన చోట కడతారు. ఫిజియో పిల్లలూ, మీకు ఇది తెలుసు, మిగతావాళ్ళ కోసం చెబుతున్నాను. అలాంటి మోకాలికి నడక వస్తుంది, పరుగు వస్తుంది, గెంతు వస్తుంది, బంతి తన్నడమూ వస్తుంది. దాని మీద బరువు వేసి నేల మీద కూర్చోవడం మాత్రం అల్లుడి అలక లాంటిది, అన్నిటికంటే ఆఖర్న తీరుతుంది. కొందరికి తీరదు కూడా. ఫుట్‌బాల్ ఆటగాడికి దాంతో పనేమిటని చాలామంది దాని జోలికే పోరు. నేనూ పోలేదు.

మూడో నెలలో అతనే అడిగాడు. "డాక్, మోకాలి మీద ఎప్పుడు కూర్చోగలను?"

"దేనికి? పెళ్ళికి ఒప్పుకోమని అడగడానికా? ఎడమది వాడుకో, ఏ పిల్లా పట్టించుకోదు."

"నువ్వలా అడిగావా?"

"మాకు ఆ బాధ లేదు బాబూ. పెద్దవాళ్ళే మాట్లాడేసుకున్నారు. నేను పీటల మీద బాసింపట్టు వేసుకుని పూట పూటంతా కూర్చున్నాను. నా మోకాళ్ళు అప్పుడే సగం పోయాయి."

అతను నవ్వాడు గానీ వదల్లేదు. "ఆట మొదలయ్యే ముందు కూర్చోవాలి. కుడిది కింద పెట్టి."

"ఎడమది పెట్టు. బంగారంలా ఉంది."

"కుడిదే."

"ఎందుకయ్యా అంత మొండితనం?"

"ఆ మూలవాళ్ళు చూసింది కుడిదే కాబట్టి."

ఇక నా చదువు, నా అనుభవం, నా హాస్యం, మూడూ అయిపోయాయి. సరే అన్నాను.

మర్నాటి నుంచి మా చికిత్స గదిలో జగత్తులో ఎక్కడా లేని కసరత్తు మొదలైంది. మొదట రెండు దిండ్లు వేసి వాటి మీద మోకాలు దించమన్నాను. అంత మనిషి, దిండు మీద మోకాలు ఆనగానే అతని ఎడమ కనుబొమ్మ గాలిపటంలా పైకి లేచేది. అది అతని నొప్పి మీటరు. మొహంలో ఇంకేమీ కదిలేది కాదు. వారాలు గడిచాయి. ఒక దిండు తీసేశాను. తర్వాత మడత పెట్టిన తువ్వాలు. తర్వాత తివాచీ. ముట్టుకోకుండా మాటతోనే నడిపించేవాణ్ణి: "బరువు వెనక మడమ మీదకి... ఊపిరి వదులు... ముందుకు వంగు... ఇప్పుడు లే." పూజారి మంత్రం చెబితే యజమాని చేసినట్టు. కిట్ మ్యాన్ టీ పట్టుకొచ్చి, గుమ్మంలో నిలబడి చూసి, "చర్చిలో కూడా ఇంత భక్తి చూడలేదు, మ్యాన్" అనేవాడు.

తివాచీ మీద ఉన్న రోజుల్లోనే పిడుగు పడింది. పెద్దాయన టీ కప్పు నా చేతిలో పెట్టి, గొంతు తగ్గించి చెప్పాడు. "మోకాళ్ళ కార్యక్రమం ఆపేశారు, మ్యాన్. డ్రెస్సింగ్ రూములో అందరూ కలిసి అనుకున్నారు."

దేశమంతటా అప్పటికే తగ్గిపోతోంది. ప్రతి ఆటకీ చేసి చేసి అలవాటైపోయింది, అర్థం పోతోంది, ఏదైనా ప్రత్యేకమైన రోజున చేద్దాం అన్నారట. అన్యాయంగా అన్నారని నేను అనను. కానీ ఒక్కసారి ఊహించండి! ఊరంతా సంగీతం మానేశాక సరిగమలు పూర్తిచేసిన శిష్యుడి పరిస్థితి! నెలల తరబడి పంటి బిగువున నేర్చుకుంటున్న ఆ ఒక్క పని, అతనికి చేతనయ్యేసరికి లోకంలో ఎవరూ చేయడం లేదు.

ఐదో నంబరు అప్పుడు తివాచీ మీదే ఉన్నాడు, కనుబొమ్మ పైకెత్తి. విన్నాడు. "సరే," అన్నాడు. నేను లేవమన్నాను.

"ఇంకో నిమిషం పెట్టు, డాక్."

అతను తిరిగి ఆడాల్సిన మొదటి ఆట ఎక్కడ పడిందో చెప్పక్కర్లేదు. ఆ మైదానమే. ఆ మూలే. దానికి ముందు, జట్టులో ఎవరాడాలో తేల్చే మా మేనేజరు నన్ను తన గదికి పిలిచాడు. ఆయన మామూలుగా మాట్లాడితే మైదానం అవతల వినిపిస్తుంది, అరిస్తే నార్వేలో చేపలు గుడ్లు పెట్టడం మానేస్తాయి. ఆ రోజు మెల్లగా మాట్లాడాడు. అందుకే ఎక్కువ భయమేసింది.

"వేసవిలో అతని కాంట్రాక్టు అయిపోతుంది. కాలు పోయినవాడికి మళ్ళీ ఎందుకని బోర్డు అంటోంది. పూర్తి ఆట ఆడి చూపిస్తేనే నేను వాళ్ళతో మాట్లాడగలను. ఆడగలడా?"

"ఆడగలడు."

"మోకాలి మీద కూర్చుంటాడటగా. కూర్చోనీ, అతని ఇష్టం. కానీ విను. ఈల మోగకముందైనా, తర్వాతైనా, మైదానంలో నీ చెయ్యి ఆ మోకాలికి తగిలిందంటే అది బాగయినట్టు కాదు. ఆ క్షణమే దించేసి పదమూడో నంబర్ని పంపుతాను."

"తగలదు," అన్నాను. అన్నాక నా చేతుల్ని ఏ జేబులో పెట్టుకోవాలో తెలియలేదు.

ఆ రోజు వచ్చింది. చలి! నోట్లోంచి వచ్చిన ఆవిరి కూడా వణుకుతోంది. మా గోలు ఆ మూల వైపే పడింది. రెండు జట్లూ తమ తమ చోట్లకి వెళ్ళాయి. రిఫరీ ఈల నోట్లో పెట్టుకున్నాడు. అప్పుడు ఐదో నంబరు, తొందర లేకుండా, కుడి మోకాలు గడ్డి మీదకి దించాడు.

ఒక్కడే.

మా వాళ్ళు ఒకరి ముఖాలు ఒకరు చూసుకున్నారు. కొంతమంది చప్పట్లు కొట్టారు. ఆ మూల నుంచి 'బూ' అని వెక్కిరింత మొదలైంది. రిఫరీ ఈల తీయలేదు గానీ ఊదనూ లేదు, ఆగాడు. నా గుండె మాత్రం ఎగిరి గంతేసింది! చూడండయ్యా, నా శిష్యుడు! దిండు లేదు, తువ్వాలు లేదు, గడ్డకట్టిన నేల మీద, ఆ మూల ఎదురుగా! నా పక్కనున్న కిట్ మ్యాన్ భుజాన్ని నేను పట్టుకు ఊపిన ఊపుకి ఆయన కట్టుడు పళ్ళు జేబులో పెట్టుకున్నాడు.

ఇక లేవాలి.

ఎడమ కనుబొమ్మ పైకి లేచింది. గీత బయట నుంచి ఎవరికి కనిపిస్తుంది? నాకు కనిపిస్తుంది. ముందుకు వంగాడు, లేవలేదు. మళ్ళీ వంగాడు. తివాచీ మీద నేర్పిన నేను, ఇనపముద్ద లాంటి నేలని లెక్కలోకి తీసుకోలేదు. ఆ మూలవాళ్ళకి అర్థమైంది. బూ ఆగింది. దాని చోట ఆ పాత చప్పుళ్ళు, ఒకటి, రెండు గొంతులు, మొదలయ్యాయి.

నేను ఆలోచించలేదు. ఆలోచించి ఉంటే ఈ కథ లేదు. మోకాలు కింద పెట్టినవాడు లేవకపోతే పరిగెత్తడం నా కాళ్ళకి అలవాటు. అవి వెళ్ళిపోయాయి, నేను వాటి వెంట వెళ్ళాను, సంచీ నా వెంట వచ్చింది. సగం దూరం పోయాక మేనేజరు మాట గుర్తొచ్చింది. వెనక నుంచి ఆయన గొంతు: "పదమూడూ! జాకెట్ విప్పు!" ముందు నుంచి ఆ మూల గొంతు: "టేక్‌అవే!"

వెనక్కి తిరిగితే అతను అక్కడే చిక్కుకుపోతాడు. ముట్టుకుంటే బయటికి పోతాడు. దగ్గరికి వెళ్ళేసరికి అతను పళ్ళ మధ్య నుంచి, "వెళ్ళిపో డాక్. ముట్టుకోకు" అన్నాడు.

రిఫరీ వచ్చాడు. రూల్సు పుస్తకాన్ని విష్ణు సహస్రనామంలా కంఠతా పట్టిన మనిషి. "ఫిజియో, నేను నిన్ను పిలవలేదు. ఇతనికి వైద్యం కావాలా?"

"వద్దు సార్."

"మరి నువ్వెందుకొచ్చావు?"

సంచీ జారి కింద పడింది. నా కుడి మోకాలు దానంతటది వంగి గడ్డి మీద ఆనింది.

"ఇందుకే సార్," అన్నాను.

మా లెక్కల మాస్టారు తర్వాత నన్ను మోకాలి మీద కూర్చోబెట్టిన మొదటి మనిషి ఐదో నంబరే. నేల చలి మోకాలి చిప్పలోంచి ఎక్కి బోడిగుండు దాకా వచ్చింది. ఇన్నాళ్ళకి ఆ రెంటికీ ముడి పడింది. ఇద్దరం ఎదురెదురుగా ఉన్నాం. జీవితంలో మొదటిసారి అతని ముఖం నా ముఖం ఎత్తులో ఉంది. నేను ఆ మూల వైపు చూడకుండా, పెదవులు కదిలీ కదలకుండా మంత్రం అందుకున్నాను. "బరువు మడమ మీదకి. ఊపిరి వదులు. నేలని మర్చిపో, ఇది తివాచీయే. టీ వస్తోంది. ముందుకు వంగు. ఇప్పుడు."

లేచాడు! కొండ లేచినట్టు, తాటిచెట్టు లేచినట్టు, మా ఊరి రథం ఇరుసు బురదలోంచి బయటపడ్డట్టు లేచాడు! మైదానంలో మూడు వైపులా చప్పట్లు.

ఇక నేను లేవాలి.

పిల్లలూ, ఇరవై ఏళ్ళు లోకంలో అందరి మోకాళ్ళూ చూసినవాడికి తన మోకాలు చూసుకునే తీరిక ఉండదు. నాది బిగుసుకుపోయింది. మంత్రం చెప్పుకున్నాను, పని చేయలేదు. తోచక సంచీ మీద చెయ్యి ఆనించి లేవబోయాను. అది బోర్లా పడి, లోపలి పొట్లం విచ్చుకుని, జీడిపప్పు పకోడీలు పచ్చటి గడ్డి మీద నలుదిక్కులా దొర్లాయి. టేక్‌అవే నిజంగానే వచ్చేసింది.

నవ్వు! అలాంటి నవ్వు నేను ముందూ వినలేదు, తర్వాతా వినలేదు. నాలుగు వైపులా, ఆ మూలతో సహా. ఆ రెండు గొంతులూ అందులో ఎక్కడ మునిగిపోయాయో. ఐదో నంబరు ఒక చంక కింద చెయ్యి వేశాడు. ప్రత్యర్థి జట్టు తొమ్మిదో నంబరు పరిగెత్తుకొచ్చి రెండో చంక పట్టుకున్నాడు. ఇద్దరూ కలిసి నన్ను నిలబెట్టారు. రిఫరీ ఒక పకోడీ ఏరి, రెండు వేళ్ళతో పట్టుకుని, గంభీరంగా, "ఇది మీదేనా?" అన్నాడు.

కుంటుకుంటూ గీత దాటాను. మేనేజరు ముఖం కందగడ్డలా ఉంది. "ముట్టుకున్నావా?"

"లేదు. అతనే నన్ను ముట్టుకున్నాడు."

ఆయన నన్ను చూశాడు, మైదానంలోకి చూశాడు. "పదమూడూ," అన్నాడు, "జాకెట్ వేసుకో."

ఆట గురించి చెప్పడానికేమీ లేదు. రెండు వైపులా గోలు లేదు. అంత నీరసమైన ఆట చూసి సముద్రపు పక్షులు కూడా మధ్యలోనే వెళ్ళిపోయాయి. కానీ ఆఖరి ఈల దాకా మా గోలు ముందు ఐదో నంబరు ఉన్నాడు. నాకు అది చాలు.

ఆట అయ్యేలోపే ఆ వీడియో తెలుగువాళ్ళ వాట్సాప్ గ్రూపులన్నిట్లోకీ పాకింది. మా ఆవిడ ఫోను. "ఏవండీ, ఏం తప్పు చేశారు? అంతమందిలో మోకాళ్ళ మీద నిలబెట్టారేంటి?"

"ఎవరూ నిలబెట్టలేదే. నేనే కూర్చున్నాను."

"మీరే కూర్చుంటే లేపడానికి ఇద్దరెందుకు? ఆ పకోడీలు నేను పొద్దున్నే లేచి వేయించినవేనా?"

వెనక నుంచి మా అమ్మాయి అరుపు వినిపించింది. "డాడ్! నౌ దట్ వజ్ ఫన్నీ!" కాసేపాగి, కొంచెం తగ్గించి, "అండ్ బ్రిలియంట్."

డ్రెస్సింగ్ రూమ్ ఖాళీ అయ్యాక బెంచీ మీద మేమిద్దరం పక్కపక్కన కూర్చున్నాం. అతని కుడి మోకాలి మీద మంచు సంచీ, నా కుడి మోకాలి మీద మంచు సంచీ. ఎన్నాళ్ళో కష్టపడి నేర్చుకున్న అతని నిరసనని నేను పకోడీల పాలు చేశాను.

"నిన్ను నవ్వులపాలు చేశాను బాబూ," అన్నాను.

"నవ్వింది నన్ను చూసి కాదుగా," అన్నాడు. "నిన్ను చూసి."

"అదీ నిజమే."

మంచు సంచీ సర్దుకున్నాడు. "ఇన్నాళ్ళు మేం మోకాలు దించాం, డాక్. దెబ్బ తగిలిందని చెప్పాం. వాళ్ళు చప్పట్లు కొట్టారు, బూ అన్నారు, టీవీలో వాదించుకున్నారు." నా వైపు చూశాడు. "సంచీ పట్టుకుని పరిగెత్తుకొచ్చింది నువ్వొక్కడివే."

అప్పుడే కిట్ మ్యాన్ టీ తెచ్చాడు కాబట్టి సరిపోయింది. ఆ కూతలు కూసిన ఇద్దర్నీ పక్కన నిలబడ్డవాళ్ళే పట్టిచ్చారని ఆయనే చెప్పాడు. నిజమో కాదో తెలియదు. పెంచి చెప్పడంలో ఆయన నాకు గురువు.

బోర్డు అతని కాంట్రాక్టు పొడిగించింది. తర్వాతి ఆటల్లో కూడా అతను మోకాలు దించాడు. కొన్నాళ్ళు ఒక్కడే. తర్వాత మా గోల్ కీపరు, కారణం చెప్పకుండా, కలిశాడు. మిగతావాళ్ళు నిలబడే ఉన్నారు, అది వాళ్ళిష్టం. నేను గీత బయట, మడత పెట్టిన తువ్వాలు మీద. నా మోకాలు రోజురోజుకీ నాకు ఎదురుతిరిగి, చివరికి పోయినేడాది తనని తీసేసి లోహపుది పెట్టించుకోమంది. ఆ పని చేసి, మైదానం ఉద్యోగానికి సెలవు చెప్పి, ఇలా వనభోజనాలకి కుర్చీ పట్టుకుని తిరుగుతున్నాను.

ఆ రోజు పార్కులో కథ సగమే చెప్పానన్నాను కదా. ఆగింది ఎక్కడంటే, నేను మైదానంలో కూలబడిన చోట. ఏలూరమ్మాయి నమ్మలేదు. "అసలు ఎలా కూర్చున్నారు అంకుల్?" అంది.

"చూపిస్తా చూడు," అని కుర్చీలోంచి లేచి, గొడుగు ఆమె చేతికిచ్చాను.

"వద్దంకుల్! కొత్త మోకాలు! దిగడం ఎవరైనా దిగుతారు, మిమ్మల్ని లేపేదెవరు? మాకు క్లాసులో మొన్ననే చెప్పారు..."

అప్పటికే నా కుడి మోకాలు తడి గడ్డి మీద ఆనింది. ఆమె కంగారుపడి నా భుజం పట్టుకోబోయింది. నేను ఆపి, పులిహోర గిన్నె వైపు చూడమన్నాను.

మూడోసారి వడ్డించుకుంటున్న ఆ పొడుగాటి మనిషి ఇటు తిరిగాడు. నన్ను చూశాడు. ప్లేటు బల్ల మీద పెట్టేశాడు. నాకు దెబ్బ తగిలిందనుకున్నాడు కాబోలు, వానలో, చెప్పులు అక్కడే వదిలేసి, "డాక్!" అంటూ పరిగెత్తుకొస్తున్నాడు.